రాబర్ట్ వయట్: తాళమూ, మాటా

కళాకారుని జీవితంలో ఒక విషాదం జరిగితే చాలు, ఆ తరువాతి సృష్టికంతకూ దానినే మూలకారణంగా చెప్పడం విమర్శకులకు పరిపాటి. క్లాసులో నేనూ అలాగే చెబుతూ వచ్చాను. ఇంగ్లండు రాక్ సంగీతంలో రాబర్ట్ వయట్ చరిత్ర చదివిన తరువాతనే ఆ అలవాటు మీద నాకు అనుమానం కలిగింది.

వయట్ 1945లో బ్రిస్టల్‌లో పుట్టాడు. 1966లో కాంటర్‌బరీ మిత్రులతో కలిసి సాఫ్ట్ మెషీన్ అనే బృందాన్ని స్థాపించాడు. డ్రమ్ములు వాయించేవాడూ ఆయనే, పాడేవాడూ ఆయనే. రాక్ డ్రమ్ములకు చేతులు మాత్రమే చాలవు. కుడి పాదం తొక్కితే పెద్ద డ్రమ్ము మోగాలి. ఎడమ పాదం తొక్కితే జంట తాళాలు కలవాలి. ఈ నాలుగింటి పైన గొంతు ఒకటి. అయితే బృందం క్రమంగా మాటలు లేని జాజ్ వైపు మళ్లింది. 1970లో వచ్చిన 'థర్డ్' ఆల్బములో 'మూన్ ఇన్ జూన్' అనే దీర్ఘగీతం ఆయన రచన. ఆ తరువాతి రికార్డులో పాటకు చోటే లేదు. తాళం వేసేవాడికి మాటలతో పనేమిటనే అహంకారం ఇందులో లేకపోలేదని నా అభిప్రాయం. 1971లో బయటికి వచ్చి మాచింగ్ మోల్ అనే బృందం పెట్టాడు. సాఫ్ట్ మెషీన్‌ను ఫ్రెంచిలోకి మార్చి ఇంగ్లీషులో పలికిన శ్లేష అది! తెలుగు పంతులుకు నచ్చకుండా ఎలా ఉంటుంది?

1973 జూన్ 1న లండన్‌లో ఒక విందులో నాలుగో అంతస్తు కిటికీ నుంచి పడి, నడుము కింది భాగం చచ్చుబడింది. 1974 జూలైలో 'రాక్ బాటమ్' వెలువడింది. పతనంలోంచే ఆ పాటలు పుట్టాయని నేటికీ అంటూనే ఉన్నారు. కాని వాటిలో చాలా భాగం ప్రమాదానికి ముందే వెనిస్‌లో రూపుదిద్దుకుంది. అక్కడ ఆల్‌ఫ్రెడా బెంజ్ ఒక సినిమా పనిలో ఉండగా, ఆమె కొనిచ్చిన చిన్న ఆర్గన్ మీద వయట్ బాణీలు కట్టుకుంటున్నాడు. ప్రమాదం పాటనివ్వలేదు, పాదాలను తీసుకుపోయింది, అంతే. మిగిలినదంతా మనుషుల శ్రమ. పింక్ ఫ్లాయిడ్ ఆయన కోసం కచేరీ చేసి డబ్బు కూడబెట్టింది. ఆ బృందపు డ్రమ్మరు నిక్ మేసన్ ఆల్బము నిర్మాణం చూశాడు. వయట్ చేతికి అందిన పళ్లెం మీద కూడా తాళం వేసుకున్నాడు.

అదే ఏడాది టెలివిజన్‌లో పాడబోతే, చక్రాల కుర్చీ ఇంటిల్లిపాదీ చూడదగినది కాదన్నారు. ఆయన కుర్చీలోనే కూర్చుని పాడాడు.

1970ల చివర కమ్యూనిస్టు పార్టీలో చేరాడు. 1982లో ఫాక్‌లాండ్స్ యుద్ధకాలపు 'షిప్‌బిల్డింగ్' పాడాడు. యుద్ధం వల్ల ఓడల రేవుకు పని వస్తుంది. ఆ ఓడల్లోనే అక్కడి పిల్లలు చావుకు పోతారు. ఆ మాటలు ఎల్విస్ కాస్టెల్లోవి. స్వయంగా పాటలు కట్టే వయట్, ఎక్కువమందికి తెలిసింది పరుల మాటలతోనే! తరువాతి ఆల్బములలో ఎన్నో పాటలకు మాటలు ఆల్‌ఫ్రెడావి, అట్టల మీది బొమ్మలూ ఆమెవే. 'రాక్ బాటమ్' విడుదలైన రోజునే వారి పెళ్లి జరిగింది.