మూత్రపిండ నర్సింగ్ శిక్షణ

మూత్రపిండ నర్సింగ్ శిక్షణ అనేది కిడ్నీలు విఫలమైన రోగులకు డయాలిసిస్, ఆహార నియమాలు, మార్పిడి అనంతర సంరక్షణ అందించేలా నర్సులను సిద్ధం చేసే విద్య. భారతదేశంలో మూడేళ్ల జీఎన్‌ఎం, నాలుగేళ్ల బీఎస్సీ నర్సింగ్ దీనికి పునాది. రెండేళ్ల ఎమ్మెస్సీ నర్సింగ్‌లో నెఫ్రో-యూరాలజీ ప్రత్యేక విభాగంగా ఉంది.

2016లో మొదలైన ప్రధానమంత్రి జాతీయ డయాలిసిస్ కార్యక్రమం జిల్లా ఆసుపత్రులకు ఈ సేవలను చేర్చడంతో శిక్షణ పొందిన సిబ్బంది అవసరం పెరిగింది. ఆంధ్రప్రదేశ్‌లో శ్రీకాకుళం జిల్లా ఉద్దానం, నూజివీడు మామిడి ప్రాంతానికి సమీపంలోని ఎ.కొండూరు మండల తండాలు కిడ్నీ వ్యాధి తీవ్రతకు పేరుపడ్డాయి. ఉద్దానం ప్రాంతంలోని పలాసలో 200 పడకల ఆసుపత్రి, కిడ్నీ పరిశోధన కేంద్రం 2023 డిసెంబరు 14న ప్రారంభమయ్యాయి.

హీమోడయాలిసిస్ సాధారణంగా వారానికి మూడుసార్లు, ఒక్కోసారి నాలుగు గంటలు సాగుతుంది. నిమిషానికి 500 మిల్లీలీటర్ల డయాలిసిస్ ద్రవం వాడితే ఒక్క విడతకు 120 లీటర్లు కావాలి; అందుకే నీటిశుద్ధి పర్యవేక్షణ శిక్షణలో భాగం. ముందూ వెనకా బరువు తూచడం, రక్తపోటు పడిపోవడాన్ని గుర్తించడం, చేతిలో ధమని, సిరలను కలిపి ఏర్పరచిన ఫిస్టులాలో ప్రకంపన పరీక్షించడం, ఆ చేతికి రక్తపోటు పట్టీ కట్టకపోవడం, హెపటైటిస్-బి రోగులకు విడి యంత్రం కేటాయించడం ముఖ్య నైపుణ్యాలు.

ఆహార బోధన స్థానిక అలవాట్లను బట్టి ఉంటుంది. 100 గ్రాముల మామిడి గుజ్జులో సుమారు 170 మిల్లీగ్రాముల పొటాషియం ఉంటుంది. విఫలమైన కిడ్నీలు దాన్ని బయటకు పంపలేక రక్తంలో పొటాషియం మితిమీరితే గుండె లయ తప్పుతుంది. చిన్న రసాల మామిడికి ప్రసిద్ధమైన నూజివీడు ప్రాంతంలో వేసవి పండ్ల పరిమాణం, ఊరగాయల ఉప్పు, తాగునీటి కొలత ఈ బోధనలో ప్రధానాంశాలు.