వన్యప్రాణి నిధులకు ప్రతిపాదనే దారి

విజయనగరం: ఒడిశా అడవుల నుంచి 2018లో ఉమ్మడి విజయనగరం జిల్లాలోకి ప్రవేశించిన ఏనుగులు కొమరాడ, జియ్యమ్మవలస, గరుగుబిల్లి మండలాల రైతులకు కంటిమీద కునుకు లేకుండా చేశాయి. ఈ మండలాలు 2022 ఏప్రిల్ 4న పార్వతీపురం మన్యం జిల్లాలో చేరాయి. అదే జిల్లా భామిని మండలంలో 2023 మే నెలలో నాలుగు ఏనుగులు విద్యుదాఘాతానికి బలయ్యాయి. కందకాలు, సౌర కంచెలు, నిఘా సిబ్బంది, బాధితులకు పరిహారం... వీటన్నిటికీ సొమ్ము ఎక్కడి నుంచి వస్తుంది? దానిని ఏ లెక్కన పంచుతారు?

కేంద్రం 60, రాష్ట్రం 40

వన్యప్రాణుల ఆవాసాల సమగ్రాభివృద్ధి పథకం ఇందుకు ప్రధాన ఆధారం. ఆంధ్రప్రదేశ్‌లో దీని వ్యయంలో 60 శాతం కేంద్రం, 40 శాతం రాష్ట్రం భరిస్తాయి. ఇందులో మూడు భాగాలున్నాయి. మొదటిది అభయారణ్యాలు, జాతీయ పార్కుల నిర్వహణ. రెండోది వాటి వెలుపల తిరిగే వన్యప్రాణుల రక్షణ. మూడోది అంతరించే ప్రమాదమున్న జాతుల పునరుద్ధరణ. 1973లో మొదలైన పులుల ప్రాజెక్టును, 1992లో మొదలైన ఏనుగుల ప్రాజెక్టును 2023-24లో ఒకే పద్దు కిందకు తెచ్చారు.

రాష్ట్రంలోని రాయల ఏనుగుల రిజర్వు చిత్తూరు ప్రాంతంలో ఉంది. ఉత్తరాంధ్రలో ఏనుగులు పంట పొలాల్లో తిరుగుతున్నాయి. టెక్కలి మండలం తేలినీలాపురంలో పెలికాన్లు, పెయింటెడ్ స్టార్క్ పక్షులు ఊరి చెట్లపైనే గూళ్లు కడతాయి. శ్రీకాకుళం తీరంలో ఆలివ్ రిడ్లే తాబేళ్లు గుడ్లు పెడతాయి. అందువల్ల ఈ ప్రాంతానికి పథకంలోని రెండు, మూడు భాగాలే కీలకం. పునరుద్ధరణ జాబితాలో సముద్ర తాబేళ్లు కూడా ఉన్నాయి.

అడవికి బదులు సొమ్ము

రెండో ఆధారం కంపా నిధి. గనులు, రహదారులు, ప్రాజెక్టుల కోసం అటవీ భూమి తీసుకున్న సంస్థలు చెల్లించే సొమ్మిది. 2016 చట్టం ప్రకారం ఇందులో 90 శాతం రాష్ట్రానికి, 10 శాతం జాతీయ నిధికి చెందుతుంది. 2019 ఆగస్టులో కేంద్రం రాష్ట్రాలకు రూ.47 వేల కోట్లకు పైగా బదిలీ చేయగా, ఆంధ్రప్రదేశ్‌కు సుమారు రూ.1,734 కోట్లు వచ్చాయి. అటవీ భూమి నికర విలువ కింద వసూలైన మొత్తంలో కనీసం 80 శాతం అడవులు, వన్యప్రాణుల నిర్వహణకే వెచ్చించాలని 2018 నిబంధనలు చెబుతున్నాయి.

ప్రజల విహారానికీ ఈ నిధిలో చోటుంది. 2020లో చేపట్టిన నగర వన పథకానికి జాతీయ కంపా నిధి నుంచి హెక్టారుకు రూ.4 లక్షల చొప్పున కేటాయించారు. పట్టణాల చెంత 10 నుంచి 50 హెక్టార్ల వనాలు పెంచి నడక దారులు, విశ్రాంతి స్థలాలు ఏర్పాటు చేయడం దీని ఉద్దేశం.

వాటా కాదు, ప్రణాళిక

అమెరికాలో 1937 నాటి చట్టం కింద తుపాకులు, తూటాలపై విధించే పన్నును రాష్ట్రాలకు సూత్రం ప్రకారం పంచుతారు. సగం విస్తీర్ణాన్ని బట్టి, సగం వేట లైసెన్సుదారుల సంఖ్యను బట్టి లెక్కిస్తారు. మన దేశంలో జిల్లాకు ఇంత అని ముందే తేల్చిన వాటా లేదు. అటవీశాఖ రూపొందించే వార్షిక కార్యాచరణ ప్రణాళికే ప్రాతిపదిక. కంపా ప్రణాళికను ప్రభుత్వ ప్రధాన కార్యదర్శి అధ్యక్షతన గల సారథ్య సంఘం పరిశీలించి, ఢిల్లీలోని జాతీయ కార్యనిర్వాహక సంఘం ఆమోదానికి పంపుతుంది. ప్రణాళికలో లేని పనికి పైసా రాదు.

పరిహారం తీరు వేరు. వన్యప్రాణుల దాడిలో మరణించినవారి కుటుంబాలకిచ్చే సాయాన్ని కేంద్రం 2023 డిసెంబరులో రూ.5 లక్షల నుంచి రూ.10 లక్షలకు పెంచింది. పంట నష్టానికి రాష్ట్ర ప్రభుత్వం నిర్ణయించిన ధరలే వర్తిస్తాయి.

ఏనుగు ఎక్కడ తిరిగింది, ఎన్ని ఎకరాలు తొక్కింది, పక్షుల గూళ్లు ఎన్ని ఉన్నాయి అన్న వివరాలు రికార్డుకెక్కితేనే వచ్చే ఏడాది ప్రతిపాదనకు బలం చేకూరుతుంది. అందుకే నష్టం జరిగిన రోజే అటవీ, రెవెన్యూ సిబ్బందికి తెలిపి నమోదు చేయించుకోవడం రైతుకూ, వన్యప్రాణికీ మేలు.