విఠల్ రావు గద్దరయిన వైనం

ట్రినిడాడ్ ద్వీపంలో కాలిప్సో గాయకులకు ఒక ఆచారమున్నది. వేదిక మీద తల్లిదండ్రులు పెట్టిన పేరును పక్కనబెట్టి మరొకటి ధరిస్తారు. స్లింగర్ ఫ్రాన్సిస్కో ఎవరంటే చెప్పలేనివారు కూడా 'మైటీ స్పారో'ను ఎరుగుదురు. ఊరి కబుర్లు మొదలుకొని దొరల నిర్వాకాల దాకా సమస్తమూ ఆ పాటల్లోకి ఎక్కేది గనుక, 1934లో వలస ప్రభుత్వం వాటికి సెన్సారు పెట్టింది. ఈ చరిత్ర చదివినప్పుడల్లా నాకు మా పాత మెదక్ జిల్లా మనిషొకడు గుర్తుకు వస్తాడు.

సంగారెడ్డి ముఖ్యపట్టణంగా ఉండిన ఆ జిల్లాలో, తూప్రాన్‌లో ఒక దళిత కుటుంబంలో పుట్టిన గుమ్మడి విఠల్ రావే గద్దర్. 1913లో అమెరికాలోని ప్రవాస భారతీయులు స్థాపించిన గదర్ పార్టీ నుండి వచ్చిన పేరది. తొలినాళ్ళలో బుర్రకథలు చెప్పాడు. 1970వ దశకంలో జననాట్యమండలి గొంతుకయ్యాడు. కొంతకాలం కెనరా బ్యాంకులో కొలువు చేసి, 1984లో వదిలేశాడు.

గోచీ, భుజాన గొంగడి, కాళ్ళకు గజ్జెలు, చేత కర్ర. ఇవన్నీ సరే, అసలు కిటుకు బాణీలో ఉన్నదని నా అభిప్రాయం. నాట్లలో, జోలల్లో, ఒగ్గుకథల్లో జనం చెవికి అలవాటైన వరుసలనే ఎత్తుకొని అందులో కూలిరేటునూ దొర గడీనీ కూర్చేవాడు. వరుస తెలిసినదే గనుక రెండో చరణానికల్లా సభ మొత్తం అందుకునేది. అన్నట్టు, 'మాభూమి' చిత్రంలో ఆయన పాడిన 'బండెనక బండి కట్టి' బండి యాదగిరి రచన. చాలామంది దానిని గద్దర్ ఖాతాలో వేస్తారు; యాదగిరికి ఇది అన్యాయమే.

1985 ప్రాంతంలో అజ్ఞాతంలోకి వెళ్ళి, 1990 ఫిబ్రవరిలో నిజాం కాలేజీ మైదానంలో జనసముద్రం నడుమ ప్రత్యక్షమయ్యాడు. 1997 ఏప్రిల్ 6న ఇంటి వద్దనే కాల్పులు జరిగాయి. ఒక తూటాను వైద్యులు తీయలేకపోయారు. దానితోనే పాతికేళ్ళకు పైగా ఆడాడు, పాడాడు. 'ఒరేయ్ రిక్షా' పాటకు వచ్చిన నంది పురస్కారాన్ని కాదన్నాడు. జీవితంలో తొలిసారి ఓటు వేసినది 2018లో! ఆ మార్పును ఆయన పాత సహచరులలో కొందరు క్షమించలేదు. పాటను మాత్రం వారూ వదులుకోలేదు.

2023 ఆగస్టు 6న మరణించాడు. ఏ రాజ్యాన్ని జీవితమంతా తిట్టిపోశాడో అదే రాజ్యం అధికార లాంఛనాలతో సాగనంపింది. మరుసటి జనవరిలో, మా పటాన్‌చెరుకు కూతవేటు దూరంలోని తెల్లాపూర్‌లో ఆయన విగ్రహానికి ప్రభుత్వం స్థలం కేటాయించింది. ఆయన కాదన్న ఆ నందుల స్థానంలోనే గద్దర్ పేరిట సినీ పురస్కారాలు వచ్చాయి, 2025 జూన్‌లో తొలిసారి ప్రదానమూ జరిగింది. వాటిని ఎవరైనా ఒక గాయకుడు ఎప్పుడైనా తిరస్కరిస్తే, ఆ పేరుకు అంతకు మించిన గౌరవం ఉండదేమోనని నాకొక కొంటె ఊహ.