పిల్లల లెక్క - పెద్దల బాధ్యత

పిల్లవాడు అంటే ఎంత వయసువాడు? ఈ ప్రశ్నకు చట్టం చెప్పిన జవాబు మారుతూ వచ్చింది. 1881 ఫ్యాక్టరీల చట్టం ఏడేళ్ళు నిండిన పిల్లవాణ్ణి రోజుకు తొమ్మిది గంటలు పనిలో పెట్టుకోనిచ్చింది. 1891లో ఆ వయసు తొమ్మిదేళ్ళయింది, పని ఏడు గంటలకు తగ్గింది. నేడు బాలల న్యాయ చట్టం పద్దెనిమిదేళ్ళు నిండని ప్రతివారినీ బాలలుగానే చూస్తుంది.

మన కొత్తపట్నం 1904 వరకు నెల్లూరు జిల్లాలోను, తర్వాత గుంటూరు జిల్లాలోను, 1970 నుంచి నేటి ప్రకాశం జిల్లాలోను ఉంది. మద్రాసు రాజధానిలో ఉన్నందువల్ల 1920 నాటి మద్రాసు బాలల చట్టం మనకూ వర్తించింది. దేశంలో అటువంటి చట్టాలలో అదే మొదటిది. తప్పు చేసిన బాలుణ్ణి పెద్ద ఖైదీలతో కలపరాదనీ, దిక్కులేని బిడ్డకు రక్షణ కల్పించాలనీ దాని ఆశయం. అప్పు కోసం పిల్లల శ్రమను తాకట్టు పెట్టడాన్ని 1933 చట్టం నిషేధించింది. 1931లో వచ్చిన విట్లీ కమిషన్ నివేదిక ఈ దురాచారాన్ని బయటపెట్టింది. విచారించి చూచినందువల్లనే ఆ చట్టం వచ్చిందని గమనించాలి.

అయితే చట్టం కాగితం మీద ఉంటే చాలదు. నెల్లూరులో పుట్టిన శాంతా సిన్హాగారు ఎం.వి. ఫౌండేషన్ ద్వారా 1991 నుంచి రంగారెడ్డి జిల్లాలో ఊరూరా తిరిగి, బడికి పోని ప్రతి బిడ్డా బాలకార్మికుడే అని చెప్పారు. పనిమాన్పించిన పిల్లలను శిబిరాలలో చదివించి, తగిన తరగతిలో చేర్పించారు. ఆమెకు 2003లో మెగసెసే అవార్డు వచ్చింది. 2007లో జాతీయ బాలల హక్కుల కమిషన్ తొలి అధ్యక్షురాలయ్యారు.

2002లో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో "యంగ్ లైవ్స్" పరిశోధన మొదలైంది. ఏడాది వయసు పిల్లలు సుమారు 2,000 మందినీ, ఎనిమిదేళ్ళవారు 1,000 మందినీ ఎంచుకొని, కొన్నేళ్ళకొకసారి మళ్ళీ ఆ పిల్లల ఇళ్ళకే వెళ్ళారు. తిండి ఎలా ఉంది, చదువు సాగుతున్నదా, పెళ్ళి ఎప్పుడయింది అని అడిగారు. పసితనంలో తిండి చాలక ఎదుగుదల తగ్గితే అది తర్వాత చదువు మీద కూడా కనిపిస్తుందని తేలింది. ఒక్కసారి తలలు లెక్కపెడితే ఈ సంగతి బయటపడదు. అదే బిడ్డను మళ్ళీ మళ్ళీ పలకరించాలి.

మన సంఘం కూడా ఈ పని చేయవచ్చు. మిరపకోతలకు, పత్తితీతకు తల్లిదండ్రులు పోతే బిడ్డ ఎవరి దగ్గర ఉంటున్నాడు? కోతల తర్వాత మళ్ళీ బడికి పోయాడా? తండ్రి లేని పిల్లకు పద్దెనిమిది నిండకుండానే సంబంధాలు చూస్తున్నారా? వీధివీధికీ ఒక నోటుపుస్తకం పెట్టి, మూడు నెలలకొకసారి ఇంటింటికీ వెళ్ళి రాసుకుందాం. అందులోని సంగతులు నలుగురి నోళ్ళలో పడకుండా చూద్దాం. ఆపద అనిపిస్తే 1098కి ఫోను చేద్దాం. చందాలతో పుస్తకాలు, ఫీజులు ఇస్తూనే ఉన్నాం, సంతోషమే. ఇకమీదట ఆ సాయం అందుకున్న బిడ్డ మరుసటి ఏడాది ఎక్కడున్నాడో కూడా మనకు తెలియాలి.