కాకినాడ హార్మోనియం, బొంబాయి కోయిల

తలుపులు మూసేశారు. ఫ్యాన్లు ఆపేశారు. మద్రాసు ఉక్క ఒక్కసారిగా గదిని కమ్మేసింది. మైకు ముందు ఘంటసాల. పక్కన జిక్కి. ఎదురుగా సంగీత దర్శకుడు పి. ఆదినారాయణరావు. ముక్కలు ముక్కలుగా పాడి తరవాత అతికించుకునే రోజులు కావవి. పాడేవాళ్లూ, తబలా పట్టినవాళ్లూ, వయొలిన్లవాళ్లూ అంతా ఒక్క ఊపులో సాగిపోవాలి, ఆఖరి చరణం ఆఖరి స్వరం దగ్గర ఎవరి వేలు జారినా, ఎవరి గొంతు బెసికినా చచ్చినట్టు మళ్లీ మొదటి నుంచి ఎత్తుకోవాలి. పైగా ఒకే పాటలో నాలుగు రాగాలు. సోహిని, బహార్, జౌన్‌పురి, యమన్. అన్నీ హిందుస్తానీవే. ఘంటసాలంటే విజయనగరం సంగీత కళాశాలలో చదువుకున్నారు. పద్ధతిగా పాఠం చెప్పించుకోని జిక్కి సంగతేంటి?

సినిమా ‘సువర్ణసుందరి’. 1957. తీస్తున్నది అంజలీ పిక్చర్స్. అంటే డబ్బు ఇంటిది. హీరోయిన్ అంజలీదేవి ఇంటావిడ. సంగీతం ఇంటాయనది. పాట పోతే తిట్టుకోడానికి బయటి మనిషి కూడా లేడు.

ఇంత తెగింపు ఎక్కణ్నుంచి వచ్చింది?

కాకినాడ నుంచి. సముద్రపు గాలికి తెరలు ఎగిరిపడే నాటకాల రాత్రులవి. యంగ్ మెన్స్ హ్యాపీ క్లబ్బు. ముఖానికి రంగు పూసుకుని ఎస్వీ రంగారావు. జనాన్ని నవ్విస్తూ రేలంగి. హార్మోనియం ముందు ఆదినారాయణరావు. నాటకం రాయాలన్నా, వరస కట్టాలన్నా, వేషం వెయ్యాలన్నా ఆయనే. పెద్దాపురం నుంచి అంజనమ్మ అనే పిల్ల ఆ బృందంలోకి వచ్చింది. గజ్జె కట్టింది. చూసినవాళ్లు కళ్లప్పగించారు. అలా ఆమె మీద చూపు పడినవాళ్లలో మాటల్తో సరిపెట్టని మనిషి ఒకరున్నారు.

చిత్తజల్లు పుల్లయ్య. కాకినాడ దర్శకుడు. 1947లో ‘గొల్లభామ’లో మోహిని వేషమిచ్చి, అంజనమ్మను అంజలీదేవిని చేసేశారు. ఆవిడ తార అయ్యారు. భర్త ఆదినారాయణరావు బాణీలు కట్టారు. ఇద్దరూ కలిసి అంజలీ పిక్చర్స్ పెట్టారు. 1955లో ‘అనార్కలి’. హ్యాపీ క్లబ్బు రంగారావే అక్బరు. ఆడింది, పాటలు ఊరూరా మోగాయి. అయితే ఒక్క ముల్లు. అందులో ‘జీవితమే సఫలము’ బాణీ మనది కాదు. అంతకు ముందు వచ్చిన హిందీ ‘అనార్కలి’లో సి. రామచంద్ర కట్టింది. దాచిపెట్టే గుట్టేం కాదు, అప్పట్లో అందరూ చేసిన పనే. కానీ బొంబాయి దగ్గర చేబదులు చేబదులే. తీర్చాలి కదా?

రెండేళ్లకే ఆ అవకాశం చేతికొచ్చింది.

సోహినితో ఎత్తుగడ. ఘంటసాల గొంతు పైకి లేచింది. జిక్కి అందుకున్నారు. బహార్ దాటింది. జౌన్‌పురి దాటింది. యమన్‌లోకి దిగాక స్వరాలకు స్వరాలు ఎదురొచ్చాయి. ఆయన ఒక విసురు విసిరితే ఆవిడ తిప్పి విసిరారు. పాఠం చెప్పించుకోలేదన్న సంగతి వినేవాళ్లకు ఎక్కడా పట్టుబడలేదు. ‘హాయి హాయిగా’ తయారైంది. తెర మీద అక్కినేని, అంజలి. ఆంధ్రదేశం ఊగిపోయింది. అంజలీ పిక్చర్స్ అక్కడితో ఆగలేదు. అదే కథను హిందీలోకి పట్టుకెళ్లింది. అక్కడ పాడేదెవరు?

మహమ్మద్ రఫీ. లతా మంగేష్కర్. మాటలు భరత్ వ్యాస్‌వి. బాణీ మాత్రం కాకినాడ మనిషిది, అవే నాలుగు రాగాలు. ‘కుహు కుహు బోలే కోయలియా’ అయి ఉత్తరాదినంతా చుట్టేసింది. హిందుస్తానీ రాగాల్లోనే కట్టి, హిందుస్తానీ ఇంట్లోనే గెలిచారు. చేబదులు వడ్డీతో తీరింది.

తరవాత చాలా ఏళ్లు గడిచాయి. కృష్ణ నూరో సినిమా ‘అల్లూరి సీతారామరాజు’. రాజవొమ్మంగి స్టేషను మీద పడి తుపాకులు ఎత్తుకుపోయిన వీరుడి కథ. షూటింగు మధ్యలో దర్శకుడు వి. రామచంద్రరావు కన్నుమూశారు. శ్రీశ్రీ రాసిన ‘తెలుగు వీర లేవరా’కు బాణీ ఆదినారాయణరావుది. పాడింది ఘంటసాల, వి. రామకృష్ణ. 1974 ఫిబ్రవరి 11న ఘంటసాల వెళ్లిపోయారు. మే 1న సినిమా విడుదలైంది. లేని మనిషి గొంతు హాళ్లలో లెమ్మని గర్జించింది. పాట రాసిన శ్రీశ్రీకి జాతీయ పురస్కారం దక్కింది.

కట్టినాయన పేరు అడిగితే ఇవాళ కాకినాడలోనే చాలామంది తడుముకుంటారు. అది అన్యాయం. ‘హాయి హాయిగా’, ‘కుహు కుహు’ రెండూ ఇప్పటికీ దొరుకుతున్నాయి. పక్కపక్కన పెట్టుకుని వినండి. ముందు జిక్కిని వినండి, ఆ తరవాతే లత.