లేవీయకాండపు "కుష్ఠు": ఒక పదము, రెండు వ్యాధులు

లేవీయకాండము 13వ అధ్యాయములో "కుష్ఠు" అని మనము చదువుచున్న మాటకు హెబ్రీ మూలము "త్సారాఅత్". ఈ మాట మనుష్యుల చర్మమునకే గాక వస్త్రములకును (13:47), ఇంటి గోడలకును (14:37) వాడబడినది. కాబట్టి ఇది ఒకే వ్యాధి పేరు కాదని మేము భావించుచున్నాము.

యాజకుడు పొడలోని వెండ్రుకలు తెల్లబారెనా, పొడ చర్మముకంటె పల్లముగా నున్నదా అని చూచెను. స్పర్శ పోయినదా అను పరీక్ష అక్కడ లేదు. నేటి కుష్ఠుకైతే స్పర్శ లేని మచ్చయే ముఖ్యమైన గురుతు. అది నరములకు కూడ సోకు వ్యాధి. దాని సూక్ష్మజీవిని నార్వే వైద్యుడు హాన్సెన్ 1873లో కనుగొనెను.

గ్రీకు సెప్టువజింతు త్సారాఅత్‌ను "లెప్రా", అనగా పొలుసు రోగము, అని అనువదించినది. మధ్యయుగములలో ఆ పేరే హాన్సెన్ వ్యాధికి స్థిరపడి, దానితోపాటు "అపవిత్రుడు" అను ముద్రయు రోగిపై పడినది.

నిజామాబాదు దగ్గర డిచ్‌పల్లిలో మెథడిస్టు మిషనరీ వైద్యురాలు ఇసబెల్ కెర్ 1915లో ఆరంభించిన ఆసుపత్రి ఈ రోగులను చేర్చుకొన్నది. 1981లో ప్రపంచ ఆరోగ్య సంస్థ బహుళ ఔషధ చికిత్సను సిఫారసు చేయగా వ్యాధి పూర్తిగా నయమగుచున్నది. అయినను 2001 సవరణలో నయముకాని తీవ్రమైన కుష్ఠు క్రైస్తవ విడాకులకు కారణముగా చేర్చబడి, 2019లో గాని తొలగించబడలేదు.

కుష్ఠును పాపమునకు సాదృశ్యముగా బోధించునప్పుడు, స్వస్థత పొందినవారు మన సంఘములోనే కూర్చుండియుందురని తలంచవలెను. స్పర్శ లేని మచ్చ గల విశ్వాసిని కాపరి వెంటనే ప్రభుత్వ ఆసుపత్రికి పంపవలెను. అక్కడ మందులు ఉచితము.