ఆంధ్రప్రదేశ్ పదమూడవ శాసనసభ (2009-2014): సభ్యత్వం, పక్షాల బలాబలాలు

ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ రాష్ట్ర పదమూడవ శాసనసభకు 2009 ఏప్రిల్ 16, 23 తేదీలలో రెండు దశలుగా పోలింగ్ జరిగింది. మే 16న ఓట్ల లెక్కింపు పూర్తయింది. ఆనాటి ఫలితాల పట్టికనే సభలోని పక్షాల బలంగా ఐదేళ్ల కాలమంతటికీ ఉదహరించడం పరిపాటిగా ఉన్నది. అయితే రాజీనామాలు, మరణాలు, అనర్హత వేటు, ఉప ఎన్నికలు, పార్టీ విలీనం కారణంగా ఈ సభలో బలాబలాలు పలుమార్లు మారినవి. రెండు పర్యాయాలు ప్రభుత్వ మనుగడయే ఈ అంకెలపై ఆధారపడినది. పాత్రికేయులకు, అధికారులకు ఉపయుక్తంగా ఉండగలదన్న ఉద్దేశంతో ఆ వివరాలను ఇందులో క్రోడీకరించడమైనది.

సభ్యుల సంఖ్య

2008లో అమలులోకి వచ్చిన నియోజకవర్గాల పునర్విభజన అనంతరం జరిగిన తొలి సాధారణ ఎన్నికలివి. సభలో ఎన్నికైన సభ్యుల స్థానాలు 294. వీటిలో షెడ్యూల్డు కులాలకు 48, షెడ్యూల్డు తెగలకు 19 స్థానాలు రిజర్వు కాగా, మిగిలిన 227 జనరల్ స్థానాలు. అంతకు ముందు రిజర్వుడు స్థానాలు వరుసగా 39, 15గా ఉండేవి. రాజ్యాంగం 333వ అధికరణం ప్రకారం గవర్నరు నామినేట్ చేసే ఆంగ్లో ఇండియన్ సభ్యునితో కలిపి సభ మొత్తం సంఖ్య 295. కొన్ని పత్రాలలో 294 అనీ, మరికొన్నింటిలో 295 అనీ కనిపించడానికి కారణం ఇదే. ఏ సంఖ్యను తీసుకున్నా సగానికి మించిన బలం 148 అవుతుంది. ఆంగ్లో ఇండియన్ నామినేషన్ విధానం 104వ రాజ్యాంగ సవరణ దరిమిలా 2020 జనవరితో ముగిసింది.

2009 ఎన్నికల ఫలితాలు

భారత జాతీయ కాంగ్రెస్: 156
తెలుగుదేశం: 92
ప్రజారాజ్యం: 18
తెలంగాణ రాష్ట్ర సమితి: 10
మజ్లిస్: 7
భారత కమ్యూనిస్టు పార్టీ: 4
భారతీయ జనతా పార్టీ: 2
సి.పి.ఐ. (ఎం): 1
లోక్‌సత్తా: 1
స్వతంత్రులు: 3
మొత్తం: 294

సగానికి మించిన బలం 148 కాగా కాంగ్రెస్ పక్షానికి 156 మంది ఉండిరి. అనగా ఆధిక్యం ఎనిమిది స్థానాలు మాత్రమే. 2004లో ఇదే పక్షానికి 185 స్థానాలు ఉన్న సంగతి గమనార్హం. శ్రీ నారా చంద్రబాబు నాయుడు ప్రతిపక్ష నాయకులుగా వ్యవహరించారు.

నాయకత్వ మార్పులు

ముఖ్యమంత్రి డాక్టర్ వై.ఎస్. రాజశేఖర రెడ్డి 2009 సెప్టెంబరు 2న హెలికాప్టర్ ప్రమాదంలో దుర్మరణం చెందారు. తదుపరి శ్రీ కొణిజేటి రోశయ్య ముఖ్యమంత్రి అయ్యారు. 2010 నవంబరులో ఆయన రాజీనామా చేయగా, అంతవరకు స్పీకరుగా ఉన్న శ్రీ ఎన్. కిరణ్ కుమార్ రెడ్డి ముఖ్యమంత్రి పదవి చేపట్టారు. డిప్యూటీ స్పీకరు శ్రీ నాదెండ్ల మనోహర్ 2011 జూన్‌లో స్పీకరుగా ఎన్నికైనారు.

ఉప ఎన్నికలతో మారిన అంకెలు

ప్రత్యేక తెలంగాణ రాష్ట్రం కోరుతూ 2010 ఫిబ్రవరిలో పలువురు సభ్యులు రాజీనామా చేశారు. ఖాళీ అయిన 12 స్థానాలకు అదే సంవత్సరం జూలైలో ఉప ఎన్నికలు జరుగగా తెలంగాణ రాష్ట్ర సమితి 11, భారతీయ జనతా పార్టీ 1 గెలుచుకున్నవి. 2011 మేలో పులివెందుల ఉప ఎన్నికలో శ్రీమతి వై.ఎస్. విజయమ్మ గెలుపొందారు. దీనితో అదే సంవత్సరం మార్చిలో ఆవిర్భవించిన వై.ఎస్.ఆర్. కాంగ్రెస్ పార్టీకి సభలో తొలి స్థానం లభించింది. 2011 అక్టోబరులో బాన్సువాడ స్థానాన్ని తెలంగాణ రాష్ట్ర సమితి గెలుచుకున్నది.

2012 మార్చిలో ఏడు స్థానాలకు జరిగిన ఉప ఎన్నికలలో తెలంగాణ రాష్ట్ర సమితి 4, భారతీయ జనతా పార్టీ 1, స్వతంత్ర అభ్యర్థి 1, వై.ఎస్.ఆర్. కాంగ్రెస్ 1 స్థానం పొందినవి. అదే సంవత్సరం జూన్‌లో 18 స్థానాలకు ఎన్నికలు జరుగగా వై.ఎస్.ఆర్. కాంగ్రెస్ 15, కాంగ్రెస్ 2, తెలంగాణ రాష్ట్ర సమితి 1 గెలిచినవి.

ఈ విధంగా 2009 ఫలితాల పట్టికలో పేరే లేని వై.ఎస్.ఆర్. కాంగ్రెస్ మూడేళ్లలో తన గుర్తుపై 17 మంది సభ్యులను గెలిపించుకున్నది. 10 స్థానాలతో ప్రారంభమైన తెలంగాణ రాష్ట్ర సమితి బలం కూడా ఉప ఎన్నికల ఫలితాల మేరకు 17కు చేరినది. ఈ మధ్యకాలంలోనే, అనగా 2011 ఫిబ్రవరిలో, 18 స్థానాలున్న ప్రజారాజ్యం పార్టీ కాంగ్రెస్‌లో విలీనమగు నిర్ణయాన్ని ప్రకటించింది. పదవ షెడ్యూలు ప్రకారం విలీనం చెల్లుబాటు కావాలంటే శాసనసభా పక్షంలో మూడింట రెండు వంతుల మంది సమ్మతించవలసి ఉంటుంది. మూడింట ఒక వంతు సభ్యుల చీలికకు గతంలో ఉన్న రక్షణను 2003లో చేసిన 91వ రాజ్యాంగ సవరణ తొలగించింది.

రెండు అవిశ్వాస తీర్మానాలు

2011 డిసెంబరులో తెలుగుదేశం పార్టీ ప్రతిపాదించిన అవిశ్వాస తీర్మానానికి అనుకూలంగా 122, వ్యతిరేకంగా 160 ఓట్లు వచ్చినవి. తీర్మానం వీగిపోయింది. పార్టీ విప్‌ను ధిక్కరించి ఓటు వేసిన 16 మంది కాంగ్రెస్ సభ్యులను, ప్రజారాజ్యం పక్షాన ఎన్నికైన ఒకరిని స్పీకరు 2012 మార్చిలో అనర్హులుగా ప్రకటించారు. ఈ 17 స్థానాలకు, శ్రీ చిరంజీవి రాజ్యసభకు వెళ్లినందున ఖాళీ అయిన తిరుపతి స్థానానికి కలిపి పైన పేర్కొన్న 18 ఉప ఎన్నికలు జరిగినవి.

2012 నవంబరులో మజ్లిస్ పార్టీ ప్రభుత్వానికి మద్దతు ఉపసంహరించుకున్నది. 2013 మార్చిలో తెలంగాణ రాష్ట్ర సమితి మరొక అవిశ్వాస తీర్మానం ప్రతిపాదించగా, అనుకూలంగా 58, వ్యతిరేకంగా 142 ఓట్లు నమోదైనవి. 64 మంది తటస్థంగా ఉన్నారు. ప్రభుత్వ పక్షాన వచ్చిన 142 ఓట్లు సభ మొత్తం సంఖ్యలో సగానికి తక్కువే. అయినప్పటికీ ప్రభుత్వం నిలిచినది. సభలో నిర్ణయాలు హాజరై ఓటు వేసిన వారి మెజారిటీపై ఆధారపడతాయని, స్పీకరు మొదట ఓటు వేయరని, ఓట్లు సమానమైనప్పుడే నిర్ణాయక ఓటు వినియోగిస్తారని రాజ్యాంగం 189వ అధికరణం తెలుపుతున్నది. కావున తటస్థంగా ఉండడం కూడా ఫలితాన్ని నిర్ణయించగలదు. 148 అన్నది ప్రతి ఓటింగులోను దాటవలసిన గీత కాదు.

భర్తీ కాని స్థానాలు

2013 జూన్‌లో మరో 15 మంది సభ్యులపై అనర్హత వేటు పడినది. వీరిలో 9 మంది కాంగ్రెస్, 6 మంది తెలుగుదేశం సభ్యులు. ప్రజాప్రాతినిధ్య చట్టం 151-ఎ సెక్షన్ ప్రకారం ఖాళీ ఏర్పడిన ఆరు నెలల లోపు ఉప ఎన్నిక జరపాలి. అయితే మిగిలిన పదవీకాలం ఏడాదికి తక్కువైనచో ఈ నిబంధన వర్తించదు. సభ గడువు 2014 జూన్ ప్రారంభంతో ముగియనున్నందున ఈ స్థానాలకు ఉప ఎన్నికలు జరుగలేదు. ఆ నియోజకవర్గాల ప్రజలకు చివరి సంవత్సరం శాసనసభలో ప్రాతినిధ్యం లేకపోయినది. రాష్ట్ర పునర్వ్యవస్థీకరణ బిల్లు సభ ముందుకు వచ్చినది ఆ కాలంలోనే.

రాష్ట్ర విభజన అనంతరం

2014 ఫిబ్రవరిలో ముఖ్యమంత్రి రాజీనామా చేయగా మార్చి 1న రాష్ట్రపతి పాలన విధించబడినది. జూన్ 2న తెలంగాణ రాష్ట్రం ఏర్పడినప్పుడు 294 స్థానాలలో 175 ఆంధ్రప్రదేశ్‌కు, 119 తెలంగాణకు చెందినవి. రిజర్వుడు స్థానాలలో ఆంధ్రప్రదేశ్‌కు షెడ్యూల్డు కులాలవి 29, తెగలవి 7. తెలంగాణకు వరుసగా 19, 12 లభించినవి. ఉమ్మడి శాసనసభ అంకెలను నేటి ఏ ఒక్క శాసనసభతోనైనా పోల్చునపుడు ఈ విభజనను దృష్టిలో ఉంచుకోవలసి ఉన్నది.

పాత్రికేయులకు, అధికారులకు సూచన

పక్షాల బలాన్ని ఉదహరించునపుడు అది ఏ తేదీ నాటిదో తప్పక పేర్కొనవలెను. ఎన్నికల ఫలితం, ఖాళీలు పోను ఉన్న ప్రస్తుత బలం, ఓటింగులో నమోదైన సంఖ్య అనునవి మూడు వేర్వేరు అంకెలు. ఒకదాని స్థానంలో మరొకటి వాడరాదు. పార్టీ మారినట్లు ప్రకటించిన సభ్యుడిని, స్పీకరు నిర్ణయం వెలువడే వరకు, ఏ పక్షాన ఎన్నికైనారో ఆ పక్షం లెక్కలోనే చూపడం సముచితం.